అరికాళ్ళకు మేకప్ లేదు

పదకొండేళ్ళు ఆమె కన్నీళ్ళు
నా జేబులో ఉండేవి.
చిటికెన వేలంత సీసా, గ్లిసరిన్.
కింది రెప్ప చివర ఒక్క చుక్క.
డైరెక్టరు మూడు లెక్కపెట్టేలోపు
సొరైదా ఏడ్చేది.

లీమాలో నాలుగో నంబరు స్టూడియో.
కిటికీలన్నీ అట్టతో చేసినవి.
బయట జూన్ మంచు
రాలీ రాలనట్టు రాలుతుంటే
లోపల, రాత్రి ఎనిమిదింటి సీరియల్లో
ఆమె పనిమనిషి ఎల్విరా.

పనిమనిషే, ఎప్పుడూ.
ఆ ఛాయకి, ఆ ఉత్తరాది యాసకి
వంటింటి తలుపు తప్ప ఇంకోటి తెరవలేదు వాళ్ళు.
"కాఫీ తెచ్చానమ్మా" అని రావడానికీ
"అలాగేనమ్మా" అని పోవడానికీ మధ్య
ఒక్క వాక్యం దొరకడానికి ఐదేళ్ళు పట్టింది:
"బాబు మీ బిడ్డ కాదమ్మా."

మర్నాడు బస్సులో ఒకావిడ చెంప నిమిరి
నిజం చెప్పేశావు తల్లీ, అందట.
ఇంకొకావిడ
మా ఇంట్లో పనికొస్తావా, అందట.
రెండూ నవ్వుతూనే చెప్పింది నాకు.
రెండోది చెప్పేటప్పుడు
ఫౌండేషన్ కింద దవడ కదిలింది.
స్పాంజి పట్టుకున్న చేతికి తెలుస్తుంది.

ఒక గురువారం ఎల్విరాని మెట్ల మీంచి తోసి చంపేశారు.
చెప్పుల్లేకుండా పడాలి షాట్‌లో.
అప్పుడు చూశాను ఆ అరికాళ్ళు:
నల్లగా, మందంగా, అంచుల్లో నెర్రెలిచ్చి.
నా పెట్టెలో వాటికి సరిపోయే రంగు లేదు.
"మరినేరా" అంది, చచ్చిన మనిషి పడుకునే.
"మా నాయనమ్మ నేర్పింది, ఇసుకలో.
మగాడికి బూట్లు, టోపీ.
మనకి పాదాలే."

ఇప్పుడు త్రుహీయోలో
పంక్చర్లు వేసే కొట్టు పైన
రేకుల కప్పు, సిమెంటు నేల, ఇరవై రెండు మంది పిల్లలు.
మొన్న రాత్రి బస్సెక్కి తొమ్మిది గంటలు కూర్చుని వెళ్ళాను.
మెట్ల దగ్గరికే బాకాల మోత.
స్పీకరుకి చిల్లు పడిందేమో
ఒక బాకా జలుబు చేసినట్టు మోగుతోంది.

"కాలుగాలిన పిల్లిలా గెంతకు, బ్రిసేయ్దా!
కాలితే కాలనీ.
నువ్వొచ్చావని నేలకి తెలియాలి."

ఎవరిదీ గొంతు?
పదకొండేళ్ళు పక్కన నిలబడి
ఆ గొంతు "అమ్మా" దగ్గర ఆగిపోతుందనుకున్నాను.

గుమ్మంలో ఒక తల్లి, "ఎల్విరా టీచరూ" అని పిలిచింది.
"ఆవిడ పోయిందండీ, గురువారం"
అని అటు తిరగకుండానే లంగా అంచు విసిరింది సొరైదా.

తిరుగుడులో తప్పి
బ్రిసేయ్దా రుమాలుతో కళ్ళు తుడుచుకోబోయింది.
లాక్కుంది టీచరు.
"ఇది దానికి కాదు.
దీనితో పిలవాలి.
వాడు దగ్గరికొచ్చాక, ఇదిగో, ఇలా,
వెళ్ళిపోవాలి."
ఎండలో తెల్లగా లేచింది గుడ్డముక్క.
నా చెయ్యి జేబులోకి పోయింది, అలవాటు,
అక్కడ బస్సు టిక్కెట్టు తప్ప ఏమీ లేదు.

నేనెందుకు వెళ్ళానో చెప్పలేదు కదూ.
ఛానెల్ వాళ్ళు పంపారు.
ఎల్విరాకి కవల అక్క ఉందట, ఇన్నాళ్ళూ.
ఈసారి పనిమనిషి కాదు, నర్సు.

సాయంత్రం పిల్లలు వెళ్ళాక చెప్పాను.
బకెట్లో కాళ్ళు పెట్టుకుని వింది.
నీళ్ళు కాటుక కలిపినట్టయ్యాయి.
"ఎంతిస్తారు?"
చెప్పాను.
అద్దె బాకీ నెలల్ని వేళ్ళ మీద లెక్కేసింది,
రెండో చేతికి కూడా వెళ్ళింది లెక్క.
"ఏ రోజులు?"
"వారమంతా. శనివారాలు కూడా."
తీగ మీద ఇరవై రెండు రుమాళ్ళు
చెమటకి తడిసి, ఉతికి, ఆరేసినవి.
వాటికేసి చూస్తూ కూర్చుంది చాలాసేపు.

"నర్సు కాళ్ళకి ఏం వేసుకుంటుంది?" అంది చివరికి.
"తెల్ల బూట్లు."
నీళ్ళలోంచి ఒక పాదం పైకెత్తి
అటూ ఇటూ తిప్పి చూసుకుంది,
బేరమాడే మనిషి చేపని చూసినట్టు.

"ఏ సైజు కావాలో
నాకే గుర్తు లేదే" అంది.